పొటోట్స్కి ప్రభువు కథాసరిత్తు

కథలో కథ, ఆ కథలో వేఱొక కథ, దాని గర్భమున మఱియొకటి, ఇట్లు ఉల్లిపొరలవలె కథలల్లుట మన దేశమువారికి వెన్నతో పెట్టిన విద్య. పంచతంత్రమును బాల్యమున వల్లించినవారికిని, కథాసరిత్సాగరమును తిరుగవేసినవారికిని, కళాపూర్ణోదయమున పింగళి సూరన పన్నిన చిక్కులలో దారితప్పి మరల దారి కనుగొన్నవారికిని ఈ పద్ధతి క్రొత్తగాదు. అయినను పంతొమ్మిదవ శతాబ్ది ప్రారంభమున పోలండు దేశపు ప్రభువొకడు, ఫ్రెంచి భాషలో, స్పెయిను దేశపు కొండలను రంగస్థలముగా జేసికొని, దయ్యములతోను ఉరికొయ్యలతోను నిండిన ఇట్టి గ్రంథమునే రచించెనన్న సంగతి మనలో పెక్కుమంది యెఱుగరు. ఆ గ్రంథమెంత విచిత్రమైనదో, అది లోకమునకు దక్కిన విధము అంతకంటె విచిత్రమైనది.

ఆ ప్రభువు పేరు యాన్ పొటోట్స్కి. 1761 మార్చి 8వ తేదీన పొడోలియా సీమలోని పికూవు గ్రామమున జన్మించెను; ఆ సీమ ఇప్పుడు యుక్రెయిను దేశములోనిది. పొటోట్స్కి వంశమనగా ఆ కాలపు పోలండులో మన సంస్థానాధీశుల వంశముల వంటిది. గ్రామములకు గ్రామములే వారి సొత్తు. ఆ గ్రామములలోని రైతులును పొలమునకు కట్టువడినవారై వారి సొత్తుగనే యెంచబడుచుండిరి. ఈ మాట మొదటనే చెప్పుట యవసరము. ఈయన దేశదేశములు తిరిగిన ధనము, ముద్రాలయము పెట్టిన ధనము, బెలూనెక్కిన ధనము, అంతయు ఆ రైతుల రెక్కల కష్టమునుండి వచ్చినదే. గొప్పవారి చరిత్రములు వ్రాయువారు ఈ పద్దును తఱచుగా లెక్కలో చేర్చరు.

బాల్యమున స్విట్జర్లాండులోని జెనీవా, లోసాను నగరములలో విద్య నేర్చుటచేత ఫ్రెంచి ఆయనకు సొంతభాష యంతటిదయ్యెను. పోలిషు భాషలో ఆయన ప్రజ్ఞ అంతంతమాత్రమే. యౌవనమున ఆస్ట్రియా సైన్యమునందు కొలువు చేసెను; మాల్టా ద్వీపమందలి యోధసంఘమున చేరి మధ్యధరా సముద్రమున ఓడదొంగలతో పోరాడెను. 1784లో తుర్కీ, ఈజిప్టు దేశములకు వెడలి, అచ్చటినుండి వ్రాసిన లేఖలను 1788లో గ్రంథముగా వెలువరించెను. ఇస్తాంబూలు నగరపు కాఫీశాలలలో కథకులు చెప్పు కథలను కూర్చుండి విని, తానును అట్టి చిన్నకథలల్లి ఆ లేఖల నడుమ పొదిగెను. ఇతరులు గోపురములను కొలిచి, రాజులను వర్ణించి తృప్తినొందిన చోట ఈయన బజారులోని మాటను పట్టుకొనెను. ఆయన యాత్రలలో నాకు మిక్కిలి నచ్చినది ఈ గుణమే.

1788లో వార్సా నగరమున స్వతంత్ర ముద్రాలయమను పేర ఒక అచ్చుకూటమును స్థాపించి, నాలుగేండ్లపాటు సాగిన పోలండు సంస్కరణసభలో సభ్యుడై, రాజకీయ వ్యాసములను ముద్రింపించెను. 1790లో బ్లాంచార్డు అను ఫ్రెంచి వైమానికునితో కలిసి వార్సాలో బెలూనెక్కి ఆకాశమున విహరించెను. వెంట తన తురుష్క సేవకుని, పెంపుడు కుక్కను కూడ తీసికొనిపోయెనందురు. నేల విడిచి సాము చేయుట యన్న మాట ఈయన విషయమున అక్షరాల చెల్లినది. 1791లో మొరాకో దేశమును చూచివచ్చెను. ఇంతలో ఆయన కాలి క్రింది నేలయే పోయినది. 1772లో ఒకమాఱు, 1793లో రెండవమాఱు, 1795లో మూడవమాఱు రష్యా, ప్రష్యా, ఆస్ట్రియాలు పోలండును పంచుకొనగా (రెండవ పంపకమున ఆస్ట్రియాకు పాలు లేదు) ఆ దేశమే పటమునుండి తుడిచిపెట్టబడెను. ప్రభువు రష్యా చక్రవర్తి ప్రజ యయ్యెను. కాకసస్ పర్వతసీమలను 1797, 98లలో తిరిగి అచ్చటి జాతుల భాషలను ఆచారములను విచారించెను. రష్యా జాతుల పూర్వచరిత్రమును 1802లో ప్రకటించెను. 1805లో రష్యా ప్రభుత్వము చీనాకు పంపిన గొప్ప రాయబారమున పండితవర్గమునకు నాయకుడుగా బయలుదేరెను. ఆ రాయబారము మంగోలియాలోని ఉర్గా వఱకే సాగినది. చక్రవర్తికి చేయవలసిన సాష్టాంగ నమస్కారమును అక్కడనే ముందుగా చేసి చూపవలెనని చీనా అధికారులు పట్టుపట్టగా, రాయబారియైన గొలోవ్కిను దొర యొప్పుకొనక పోగా, 1806లో అందఱును వచ్చిన దారినే మరలిరి. వేల క్రోసుల ప్రయాణము ఒక నమస్కారముకడ ఆగిపోయినది!

ఈ తిరుగుళ్ల నడుమనే ఆయన ‘సరగోసాలో దొరికిన వ్రాతప్రతి’ యను కథాగ్రంథమును వ్రాయుచు, దిద్దుచు, మరల వ్రాయుచు ఇంచుమించు ఇరువదియేండ్లు గడపెను. రోగశయ్యపైనున్న భార్యకు అరేబియా రాత్రుల కథలను చదివి వినిపింపగా, అవి ముగిసిన పిమ్మట ఆమె ఇట్టివే యింకను కావలెనని కోరెననియు, అంతట తానే దినమునకొక భాగము వ్రాసి చదివెననియు ఒక ప్రవాదము కలదు. అది నిజమైనను కాకున్నను, కశ్మీరమున సోమదేవుడు సూర్యవతీదేవి చిత్తవినోదమునకై కథాసరిత్సాగరమును రచించెనన్న మాట ఇచ్చట జ్ఞప్తికి రాకమానదు.

ఇక కథ. ఫ్రెంచి సైన్యము సరగోసా నగరమును ముట్టడించి పట్టుకొన్న దినములలో ఒక ఫ్రెంచి అధికారికి పాడుపడిన యింట స్పానిషు భాషలోని వ్రాతప్రతి యొకటి దొరకును. తరువాత ఆయన స్పానిషు సేనకు చిక్కగా, అందలి కెప్టెను ఆ గ్రంథము తన పూర్వుని కథయని గుర్తించి, బందీకి దానిని ఫ్రెంచిలో చెప్పి వ్రాయించును. ఇది పైపొర. లోపలి కథానాయకుడు అల్ఫోన్సు వాన్ వర్డెను అను యువకుడు. స్పెయిను రాజు కొలువున అధికారియై చేరుటకు మాడ్రిడు నగరమునకు పోవుచు, దయ్యములకు దొంగలకు పేరువడిన సియెర్రా మోరేనా కొండలను దాటవలసివచ్చును. సేవకులిరువురు దారిలో మాయమగుదురు. పాడుపడిన సత్రమున ఒంటరిగా పండుకొన్న వానికి అర్ధరాత్రమున ఇద్దఱు సుందరులు, ఎమినా, జుబేదా యను అక్కచెల్లెండ్రు, కనబడి తాము గోమెలెజ్ వంశపు మహమ్మదీయ కన్యలమనియు, వానికి వరుసైనవారమనియు చెప్పి, విందుచేసి, మాట నిలుపుకొమ్మని ప్రమాణము చేయించుకొందురు. తెల్లవాఱి కన్ను తెఱచునప్పటికి వాడు సత్రమున లేడు. ఉరికొయ్య క్రింద, ఉరితీయబడిన ఇద్దఱు దొంగల కళేబరముల నడుమ పడియున్నాడు!

ఇట్లు మేల్కొనుట వానికొక్కనికే కాదు. పచేకో యను పిచ్చివాడు, మంత్రశాస్త్రమును నమ్ముకొన్న యూదుడొకడు, వెలాస్క్వెజ్ అను గణితశాస్త్రజ్ఞుడు, అందఱును ఆ ఉరికొయ్య నీడనే ఒక్కొక్కప్పుడు లేచినవారు. అందఱును కలిసి అవదోరో యను జిప్సీ నాయకుని డేరాలకు చేరుదురు. అక్కడినుండి కథలకు కట్టలు తెగును. అల్ఫోన్సునకు అవదోరో చెప్పుచుండును. ఆ కథలో లోపె సువారెజ్ అను యువకుడు తన కథ చెప్పును. వాని కథలో బుస్కెరోస్ అను పరులగొడవలలో తలదూర్చు ఘనుడు తన కథ చెప్పును. ఆతని కథలో ఫ్రాస్క్వితా యను స్త్రీ తన కథ చెప్పును. పైనున్న ఫ్రెంచి అధికారిని కూడ లెక్కింతుమేని ఆఱు పొరలు! మన పంచతంత్రమున జంతువులు కథ చెప్పుట నీతి కొఱకు. ఒక కథ ముగియగనే బయటి కథకు వచ్చి, నీతి శ్లోకమును పట్టుకొని ముందునకు సాగుదుము. ఇచ్చట ఆ సౌకర్యము లేదు. లోపలి కథలోని వాడు బయటి కథలోనికి నడచివచ్చి కూర్చుండును. చదువరి తికమకపడునని గ్రంథకర్తకు తెలియును. కాబట్టియే ఆ మొఱను గణితజ్ఞుడైన వెలాస్క్వెజ్ నోట పలికించినాడు. ఎవడు చెప్పుచున్నాడో ఎవడు వినుచున్నాడో తెలియకున్నది, ఈ కథలను పట్టికగా గీతలు గీసి వరుసలలో వ్రాయవలసినదని ఆ పండితుడు విసుగుకొనును. ఈ పాత్ర నాకు మిక్కిలి ప్రియమైనది. వాని తండ్రి విద్యచేతనే చెడిపోయినవాడగుటచే కుమారునికి గణితము కూడదని, నాట్యము నేర్పించి సభలలో మెలగువానిగా చేయదలచెను; పిల్లవాడు నాట్యపు అడుగులలో తప్పి, గదిలో బంధింపబడి, అక్కడ తనంతట తానే లెక్కలు కనిపెట్టుకొనెను. తల్లిదండ్రులు త్రోసినదారి ఒకటి, పిల్లవాని మనస్సు పోవుదారి ఒకటి యగుట బడిపంతుళ్లము నిత్యము చూచుచుండు విషయమే గదా!

వేఱొక పిల్లవాని చదువునుగూర్చి ఈ గ్రంథమున చెప్పబడిన ఘట్టము దీనికంటె లోతైనది. అల్ఫోన్సు తండ్రి పౌరుషమన్న ప్రాణమిచ్చువాడు. ఒక రాత్రి ఇంటిల్లిపాది కూర్చుండగా దయ్యపుకథ యొకటి చదివించి, నీవే అచ్చట నుండినచో భయపడియుందువా యని కొడుకు నడిగెను. పిల్లవాడు నిజము చెప్పెను, మిక్కిలి భయపడియుందునని. తండ్రి కోపముచే కత్తి దూయబోగా చుట్టునున్నవారు పట్టుకొనిరి. తరువాత మఱియొక కథ చదివించి అదే ప్రశ్న యడిగెను. ఈసారి పిల్లవాడు ఏమాత్రము భయపడనని బదులు చెప్పెను. తండ్రి సంతోషించెను. ఈ రెండు కథల నడుమ ఆ పిల్లవాడు నేర్చుకొన్నదేమి? ధైర్యము కాదు, జవాబు. మన బడులలోను ఇండ్లలోను జరుగు చదువులో ఎంతభాగము ఇట్టి జవాబు నేర్చుటయో చదువరులే ఆలోచింపవలెను. ఆ జవాబునే అల్ఫోన్సు జీవితమంతయు మోయును. ఉరికొయ్య క్రింద లేచినప్పుడును తాను భయపడినట్లొప్పుకొనడు.

గ్రంథాంతమున ముడి విడును. ఆ కొండలగర్భమున గోమెలెజ్ వంశపువారికి రహస్యమైన బంగారుగని కలదు. వంశమునకు పురుషసంతతి కొఱవడినది. తల్లివైపున తమ రక్తమువాడైన అల్ఫోన్సు ధైర్యమును, మాట నిలుకడను పరీక్షించి, వానివలన సంతానమును బడయుటకై వంశపు పెద్దయైన షేకు ఈ నాటకమంతయు నడిపించెను. దయ్యములు లేవు. పచేకో యను పిచ్చివాడు గడసాము చేసి పొట్టపోసికొను పేదవాడు. కన్ను పోగొట్టుకొన్నది దయ్యములచేత గాదు, తన యాటలోనే. మత్తుమందు, కూలికి వచ్చిన నటులు, రాత్రివేళ మోసికొనిపోవు చేతులు, ఇంతియే. చదువరి యిట నిరాశపడునని కొందఱు విమర్శకు లందురు. నాకట్లు తోచదు. ఈ సందర్భమున మన భేతాళకథలను తలచుకొనుడు. అక్కడను శింశపావృక్షమున వ్రేలాడు శవమే, అక్కడను వెఱపెఱుగని వీరుడే, శవము చెప్పు కథలే. కాని అక్కడ భేతాళుడు నిజమైనవాడు, రాజును పిలిపించిన భిక్షువు మోసగాడు. తుదకు దయ్యమే రాజును మనుష్యునినుండి కాపాడినది. పొటోట్స్కి ఇంకొక అడుగు వేసి భేతాళునిగూడ తొలగించి, భిక్షువును మాత్రమే మిగిల్చెను. ఒకరి కథ ఒకరు ఎఱిగియుందురని నేననుట లేదు, పోలిక చెప్పుచున్నానంతే. మన పల్లెలలో దయ్యముపట్టినదని వేపమండలతో కొట్టబడు అభాగ్యురాండ్రను చూచినవారు, అట్టి సమయమున దయ్యమునుగూర్చి విచారించుటకంటె ఆ దయ్యమువలన ఎవరికేమి లాభమని విచారించుట మేలని యెఱుగుదురు. ఈ గ్రంథము ఆ ప్రశ్నను అఱువదియొక్క దినముల కథగా సాగదీసి అడిగినది.

అన్నింటికిని ఇట్టి సమాధానము దొరకదనియు చెప్పవలెను. అల్ఫోన్సు పుస్తకములలో చదివిన పాత దయ్యపుకథలు, ప్లినీ లేఖలోనిది, ఫిలోస్ట్రాటసు వ్రాసినది మొదలగునవి, ఉన్నవి ఉన్నట్లే మిగిలిపోవును. భయము ఎక్కడనుండి అల్లబడినదో చూపుటకే గ్రంథకర్త వానిని తెచ్చెనని నా యభిప్రాయము.

లోపలి కథలలో హెర్వాసు అను పండితుని కథ కలదు. అతడు సమస్తశాస్త్రములను నూఱు సంపుటములలో వ్రాసిపెట్టి ఊరికి పోయివచ్చునప్పటికి ఎలుకలు వానిని కొఱికివేసినవి. ఏండ్లతరబడి శ్రమించి మరల నూఱింటిని వ్రాసెను. పుస్తకవ్యాపారి చూచి, ఇరువదియైదు సంపుటములకు తగ్గించినచో అచ్చువేయుదుననెను. హెర్వాసు విషము త్రాగి మరణించెను. ఏడులక్షల శ్లోకముల బృహత్కథను అడవిలో అగ్నికి ఆహుతిచేయుచు, పుటవెంట పుట మృగములకు చదివి వినిపించిన గుణాఢ్యుని కథ తెలిసిన మనకు ఈ హెర్వాసు పరాయివాడు కాడు. అక్కడ శాతవాహనుడు వచ్చునప్పటికి ఆఱు లక్షలు కాలిపోయి ఒక లక్షయే మిగిలినది. రాజు తొలుత త్రోసిపుచ్చినది అది పైశాచీభాషలో నుండుటచేతనే గదా!

పొటోట్స్కియు తన చేతితోనే మరణించెను. 1815 డిసెంబరులో, ఉలదూవ్కా యను తన గ్రామమున, ఏబదినాలుగవ యేట, పిస్తోలుతో కాల్చుకొనెను. తాను తోడేలుగా మారుచున్నానను భ్రాంతిచే, వెండి చక్కెరగిన్నె మూతమీది బొడిపెను దినదినమును ఆకురాయితో అరగదీసి గుండుగా చేసి, మతాచార్యునిచే ఆశీర్వదింపజేసి దానితో కాల్చుకొనెనని లోకము చెప్పుకొనును. చెప్పువానిని బట్టి ఆ చక్కెరగిన్నె తేనీటిపాత్రగాను, తేనీటిపాత్ర సమోవరుగాను మారుచుండును. తోడేలు మాటను నేను నమ్మను. దయ్యముల గుట్టు విప్పినవానికే దయ్యమును అంటగట్టుట లోకము పన్నిన ఏడవ పొర. ఆయన రోగపీడితుడు, విషాదగ్రస్తుడు, రెండవ భార్యతో తెగతెంపులైనవాడు, పుట్టిన రాజ్యమే లేనివాడు. ఇవి చాలవా?

గ్రంథము గతి యేమైనదో వినుడు. 1804, 1805లలో సెయింటు పీటర్సుబర్గున మొదటి భాగములు సుమారు నూఱు ప్రతులు మాత్రము అచ్చుపడెను. 1813, 1814లలో పారిసున కొన్ని భాగములు రెండు వేఱు పుస్తకములుగా, గ్రంథకర్త పేరునకు బదులు పొడి అక్షరములతో వెలువడెను. ఎవరిదో తెలియని సొమ్మునకు దొంగలు సులభముగా చేరుదురు. 1841లో కూర్షాం అను ఒకడు పారిసునందలి ‘లా ప్రెస్’ దినపత్రికలో అందలి కథలను తన సొంతమువలె ప్రకటింపగా గుట్టు బయటపడి వ్యవహారము న్యాయస్థానమున కెక్కెను. రష్యాలో పుష్కిను మహాకవి ఈ గ్రంథమును మెచ్చి, అల్ఫోన్సు ప్రయాణమును పద్యమున చెప్పుటకు మొదలిడెను.

1847లో ఎడ్మండు హోయెట్స్కి అను పోలిషు రచయిత తన కడనున్న ఫ్రెంచి వ్రాతప్రతులనుండి గ్రంథమంతయు పోలిషులోనికి తెచ్చి లైప్‌జిగున ప్రచురించెను. అటుపిమ్మట ఆ ఫ్రెంచి ప్రతులు కనబడకుండ పోయెను. ఇందలి వింత గమనింపుడు. పోలిషు సరిగా రాని పోలండు ప్రభువు గొప్పవారి భాషయైన ఫ్రెంచిలో వ్రాసినది నశింపగా, ఏ జనుల భాషను ఆయన గ్రంథరచనకు ఉపయోగింపలేదో ఆ భాషయే ఆయనను బ్రతికించినది. గుణాఢ్యునిది నేలబారు భాషలో పుట్టి పండితభాషలో నిలిచినది. ఈయనది దీనికి సరిగా తలక్రిందు. ఇంగ్లీషున వ్రాసిననే కీర్తియని నమ్మెడు మన విద్యావంతులు ఈ సంగతిని ఒకమాఱు తలపోయుట తగును. 1958లో రొజే కయ్వా అను ఫ్రెంచి సాహిత్యవేత్త దొరికిన ఫ్రెంచి భాగములను ప్రకటించి లోకమునకు మరల జ్ఞాపకము చేసెను. 1989లో రద్రిజ్జాని అను పండితుడు సంపూర్ణమైన ఫ్రెంచి గ్రంథమును సిద్ధపఱచునప్పుడు, దొరకని చోట్లను హోయెట్స్కి పోలిషునుండి ఫ్రెంచిలోనికి మరల అనువదించి పూరింపవలసివచ్చెను. ఫ్రెంచివాడు ఫ్రెంచి గ్రంథమును పోలిషువాని కడ అప్పుతెచ్చుకొనెనన్న మాట!

2002లో ఫ్రాన్స్వా రొసే, దొమినిక్ త్రియేర్ అను ఇద్దఱు పరిశోధకులకు పోలండులోని పొజ్నాను నగరపు దస్తావేజులలో పొటోట్స్కి వ్రాతప్రతులు దొరికెను. వానిని పరిశీలింపగా గ్రంథమొకటి కాదు, రెండని తేలినది. 1804నాటిది నలువదియైదు దినముల కథతో అర్ధాంతరముగా నిలిచిపోయినది. అల్లరి, వేడుక, చిక్కులు అందెక్కువ. 1810నాటిది అఱువదియొక్క దినములతో సంపూర్ణమైనది. క్రమము, గాంభీర్యము ఇందెక్కువ. 2006లో రెండును వేఱువేఱుగా అచ్చుపడెను. హోయెట్స్కి ఈ రెంటిని కలగలిపి, తనకు తోచినట్లు అతికి, అఱువదియాఱు దినములు చేసెను. కావున 1847 మొదలు నూటయేబదియేండ్లకు పైగా లోకమానందించి చదివినది, పొటోట్స్కి ఎన్నడును ఆ రూపమున వ్రాయని గ్రంథము.

నేను చదివినది ఇయన్ మక్లీను 1995లో ప్రకటించిన ఆంగ్లానువాదము. అదియు ఆ కలగలుపు పాఠముననుసరించినదే. అందు చావులేక యుగయుగములు తిరుగు యూదుడొకడు జిప్సీల డేరాలవెంట నడచుచు, నిలుచుటకు వీలులేక, నడకలోనే తన కథ చెప్పును. 1810లో గ్రంథమును శుద్ధిచేయునప్పుడు పొటోట్స్కి ఆ బాటసారిని పూర్తిగా తీసివైచెను. గ్రంథకర్త కడపటి నిర్ణయమే ప్రమాణమని పరిష్కర్తలందురు. న్యాయమును వారివైపే యున్నది. కాని అంత తిరిగిన మనుష్యుడు వ్రాసిన పుస్తకమున ఆ తిరుగువాడు లేకుండుట నా మనస్సున కింకను పట్టలేదు.